గీత దాటిన ఆముదాలు

ఆముదం గింజ ఎంత దూరం ఎగురుతుంది?

ఈ ప్రశ్నకు ఒకప్పుడు నేను టేపు పట్టుకొని జవాబు చెప్పాను. ఆ జవాబు తప్పు. తప్పు చెప్పినవాళ్ళు లోకంలో కోటిమంది ఉంటారు, వాళ్ళలో నేనొకణ్ణి అని సరిపెట్టుకుందును. కానీ నా జవాబు కాగితం మీదే ఉండిపోలేదు. పోయి పోయి కదిరమ్మ అనే మనిషి నెత్తిన పడింది. అందుకే ఆమె గురించి రాస్తున్నాను. మధ్యమధ్యలో నేను అడ్డం వస్తే ఓర్చుకోండి. నేను అడ్డం రాకపోయి ఉంటే ఆమె బతుకు అలా అయ్యేదే కాదు.

1957లో నేను గ్రామసేవక్‌ని. అంటే బ్లాకు ఆఫీసువాళ్ళు ఒక సైకిలూ, ఒక ఖాకీ సంచీ, నాలుగు రకాల విత్తనాల పొట్లాలూ ఇచ్చి పల్లెల మీదికి తోలిన మనిషిని. పేరు దివాకర్, వయసు ఇరవై రెండు. హిందూపురం బజారులో పెరిగినవాణ్ణి, సేద్యమంటే పుస్తకంలో చదివిందే. తనకల్లుకు ఆరేడు మైళ్ళ దూరంలో ఉన్న ఎర్రబండపల్లి నాకు అప్పజెప్పిన ఊళ్ళలో ఒకటి. వాన పడితే వేరుశనగ, పడకపోతే ఆకాశం వంక చూపులు. చేను గట్ల వెంబడి వేసిన ఆముదం మాత్రం ఎంత ఎండినా ఎలాగో ఒకలా నిలబడేది.

చేరిన నెలలోనే బడి వసారాలో ఆడవాళ్ళను కూర్చోబెట్టి, గింజలు ఎలా వ్యాపిస్తాయో ఉపన్యాసం దంచాను. గాలి వల్ల, నీళ్ళ వల్ల, జంతువుల వల్ల, కాయ తనంతట తాను పేలడం వల్ల అని నాలుగు వేళ్ళూ మడిచాను. ట్రైనింగులో రాసుకున్న నోట్సు అది, అక్షరం పొల్లు పోకుండా అప్పజెప్పాను. వెనక వరసలో ఒకామె కొంగు నోటికి అడ్డం పెట్టుకొని నవ్వుతోంది. నలభై లోపు ఉంటుంది. నల్లగా, సన్నగా చింతబరికెలా ఉంది. ఎందుకు నవ్వుతున్నావని కాస్త కోపంగానే అడిగాను.

“ఏమీ లేదు సామీ. చెయ్యి తడి చేసుకోని ఇట్ల పట్టు,” అంది.

నేను కూజాలో నీళ్ళతో అరచెయ్యి తడుపుకొని చాపాను. పిచ్చివాణ్ణి. ఆమె కొంగుముడి విప్పి, సన్నటి ఎండు కాయలు నాలుగైదు నా అరచేతిలో పోసింది. ఇవేం కాయలా అని ముఖం దగ్గరికి తెచ్చుకొని చూస్తున్నాను. అంతే, టప్‌, టప్‌మని పగిలి గింజలు నా కళ్ళద్దాలకు తగిలాయి. నేను ఎగిరి గంతేశాను. బల్ల పడిపోయింది, కూజా పగిలింది. ఆ రోజు ఆ ఊరి ఆడవాళ్ళు నవ్విన నవ్వు నాకు ఇప్పటికీ చెవుల్లో ఉంది.

“చిటపటకాయలు సామీ,” అంది ఆమె నవ్వాపుకుంటూ. “తడి తగిల్తేనే పగుల్తాయి. ఎండలు పోయేదాకా గమ్మునుండి, వాన చుక్క పడినాకనే గింజను బయటికి తోస్తాయి. ముందే తోస్తే మాడి చస్తాది గదా. మా ఆముదమేమో ఎండకు పగుల్తాది. దేని తిక్క దానిది.”

ఆమే కదిరమ్మ.

ఆమెది కదిరి దిక్కున గొర్రెలు మేపుకునే ఇల్లు. పద్నాలుగో ఏట ఓబుళేసుకిచ్చి ఈ ఊరికి తెచ్చారు. ఓబుళేసు బండలు కొట్టే పనికి తాడిపత్రి పోయాడు. రెండేళ్ళు ఇంటికి వస్తూ పోతూ ఉండి, ఒక ఎండాకాలం అక్కడే జ్వరం తగిలి చనిపోయాడు. పిల్లలు లేరు. పుట్టింటివాళ్ళు వచ్చి పిలిస్తే ఆమె పోలేదట. “పోయి ఏం చేయాల? ఆడా గొర్రెలే, ఈడా గొర్రెలే” అందట. ఊరి చివర బోదగడ్డి కప్పిన ఒంటి గది కొట్టంలో ఉండేది. ఎవరు పిలిస్తే వాళ్ళ చేనికి కూలికి పోయేది.

కూలికి పోయే మనుషులు ఊరినిండా ఉన్నారు గానీ కదిరమ్మను వెతుక్కుంటూ వచ్చేవాళ్ళు. ఉలవ కోతకైతే ఆమె చెప్పిన పొద్దుకే చేనిలో దిగాలి. మంచు తడి ఆరకముందే కోసి మోపులు కట్టేయాలి. ఎండెక్కితే కాయ చేతిలోనే పగిలి గింజ నేలపాలవుతుంది. “పొద్దెక్కినాక ఉలవ చేన్లోకి పోతే మనం కోసేది ఆకే” అనేది. మేక పెంట కుప్పలో తుమ్మ మొలకలు చూపించి, మేక కడుపులో ఊరి వచ్చిన గింజే తొందరగా మొలుస్తుందని చెప్పింది. ఆముదం గింజ మూతి దగ్గర తెల్లటి పలుకు ఒకటి ఉంటుంది. దానికోసం చీమలు గింజ మొత్తాన్ని పుట్టకు ఈడ్చుకుపోతాయని, అందుకే చీమలపుట్ట పక్కన ఆముదం మొక్కలు గుంపుగా లేస్తాయని కూడా ఆమె చెబితేనే నాకు తెలిసింది. చీర అంచుకు అంటుకున్న ఉత్తరేణి గింజలు గీరి పారేస్తూ, “చూడు సామీ, నేను దీన్ని వాళ్ళ చేన్లోనించి మా గుడిసె దాకా మోసుకొచ్చినా. దీనికి నేనే బండి,” అని నవ్వేది.

నేను అవన్నీ నోటుబుక్కులో రాసుకునేవాణ్ణి. ఆమె పేరు మాత్రం రాసుకోలేదు.

ఇక ఆముదాల కళ్ళం సంగతి. ఆ ఊళ్ళో దానికొక పద్ధతి ఉండేది. ఎండిన గెలలు కోసుకొచ్చి పేడతో అలికిన కళ్ళంలో ఆరబోస్తారు. ఎండ ముదిరేకొద్దీ కాయలు చిట్లుతాయి, గింజలు ఎగిరిపడతాయి. కుప్ప అంచు నుంచి రైతే స్వయంగా ఆరు అంగలు వేసి, చుట్టూ బూడిదతో గీత గీస్తాడు. గీతకు లోపల పడ్డ గింజ రైతుది. గీత దాటి పడ్డ గింజ కాపలా ఆడమనిషిది. ఆ గీత దాటిన గింజల్ని ‘చిట్లు’ అనేవాళ్ళు. కాపలాకు వేరే కూలి లేదు, చిట్లే కూలి. గీత గీశాక ఆమె కుప్పను ముట్టుకోకూడదు. పొద్దు వాలేదాకా గీత లోపల అడుగు పెట్టకూడదు. బయట కూర్చొని మేకల్నీ కోళ్ళనూ ఉడతల్నీ తోలాలి. సాయంత్రం వంగి వంగి తన చిట్లు ఏరుకోవాలి. కళ్ళం ముగిసేసరికి మొత్తం నాలుగైదు సేర్లు వచ్చేవి. దీపానికీ తలకూ ఏడాదంతా ఆ నూనెతోనే గడిచేది.

ఊళ్ళో పెద్ద రైతు గురప్ప. పదేళ్ళుగా ఆయన కళ్ళానికి కదిరమ్మే కాపలా. గురప్పను చెడ్డవాడనలేను. పండిన ఏడు పదిమందికి పెట్టేవాడు. ఎండిన ఏడు మాత్రం ఆయన చెయ్యి పిడికిలి విడిచేది కాదు.

1958 ఎండిన ఏడు. ఆశ్వయుజంలోనే వానలు వెనక్కి తిరిగాయి. పుష్యమాసానికి ఊరి బావిలో తాగడానికి తప్ప చుక్క మిగల్లేదు. కళ్ళం తడిపి అలకడానికి నీళ్ళెక్కడివి? గురప్ప తన ఆముదాల గెలల్ని ఊరి వెనక ఉన్న పెద్ద బండ మీద పోయించాడు. చెట్టు మీదే ఎండి గలగలమంటున్న కాయలు. ఆరు అంగలు వేసి ఆ బండ మీదే బూడిద గీత గీశాడు. కదిరమ్మ బయట ఒక రాతి నీడన కూర్చుంది.

నాలుగు రోజులు. మధ్యాహ్నం అయితే ఆ బండ పేలాలు వేయించే పెనమే. ఐదో రోజు కదిరమ్మ తన చిట్లు తట్టకెత్తుకొని ఊరి నడివీధిలోంచి వచ్చింది. పద్నాలుగు సేర్లు! దాచుకోవాల్సిన మనిషైతే పొలాల వెంబడి పోయేది. ఆమె గురప్ప ఇంటి ముందు నుంచే వచ్చింది, ఎదురైన వాళ్ళందరికీ తట్ట దించి చూపించింది. “ఈ యేడు ఆముదాలకు పిచ్చి పట్టినాదక్కా, ఎట్ల ఎగిరినాయో!” అని ఒకటే సంబరం.

గురప్ప కుప్ప కొలుచుకున్నాడు. తగ్గింది. సాయంత్రానికి చావడిలో పెద్దమనుషులు కూర్చున్నారు.

“చిట్లు పద్నాలుగు సేర్లా? గింజలకు రెక్కలొచ్చినాయా?” అన్నాడు గురప్ప. “గీత లోపలివి చేత్తో బయటికి నూకింటాది. నేను అన్నం తినేకి పోయినప్పుడు ఆడ ఉండేది ఇదొక్కతే.”

కదిరమ్మ లేచి నిలబడింది. “గింజ ఎగిరితే నన్నడిగి ఎగురుతాదా గురప్పన్నా? నీ గీత నువ్వే గీసినావు. నీ అంగలు నువ్వే వేసినావు. నేను ఆ గీత తొక్కినట్టు బూడిద మింద అడుగు ఉండాదేమో పోయి చూసుకో.”

గాలికి ఆ బూడిద అప్పటికే సగం పోయింది. అడుగు ఉందనడానికీ లేదు, లేదనడానికీ లేదు. ఎక్కడ చూడాలో తెలియని కళ్ళన్నీ చివరికి నా మీద వాలాయి. నేను ఆ రోజు ఏదో పనిమీద అక్కడ ఉన్నాను.

“సర్కారు చదువు చదివినాడు గదా,” అన్నాడు గురప్ప. “ఆముదం ఎంత దూరం ఎగురుతాదో ఆయప్పనే చెప్పనీ.”

నాకప్పటికి మీసం సరిగా రాలేదు గానీ, వచ్చి ఉంటే మెలేసేవాణ్ణే. నాలుగు రోజులు గడువు ఇవ్వండి, పరీక్ష చేసి చెబుతానన్నాను. పెద్దమనుషులు తలలూపారు. కదిరమ్మ ముఖం కూడా తేటపడింది. నేను ఆమె వైపు మనిషినని ఆమె అనుకుంది. నిజం చెప్పొద్దూ, నేనూ అలాగే అనుకున్నాను.

మర్నాడు బ్లాకు ఆఫీసు తోటలోంచి నాలుగు గెలల ఆముదాలు సైకిలుకు కట్టుకొచ్చాను. మేము రైతులకు పంచాలని పెంచుతున్న కొత్త రకం అది. కాయ అంత సులువుగా పగలదని, కోతకు వీలుగా ఉంటుందని మా వాళ్ళు దాన్ని మెచ్చుకునేవాళ్ళు. ఆ సంగతి నాకు తెలుసు. తెలిసి కూడా ఆ సమయానికి బుర్రకు తట్టలేదు. బడి ముందు మట్టి వాకిట్లో ఆరబోసి, మూడు రోజులు టేపు పట్టుకొని కూర్చున్నాను. పడ్డ ప్రతి గింజకూ కొలత రాశాను. ఒకటిన్నర అడుగు, రెండడుగులు, మూడు. అన్నిటికంటే దూరం పోయింది ఐదున్నర అడుగులు.

రెండో రోజు మధ్యాహ్నం కదిరమ్మ వచ్చి చూసింది. వంగి ఒక కాయ చేతిలోకి తీసుకొని నలిపింది.

“ఇవి యాడి ఆముదాలు సామీ?”

“ఆఫీసువి.”

“ఇవి మా ఆముదాలు కాదు. ఇంకోటి, ఇది మన్ను. మన్ను మింద గింజ పడినకాడనే కూచుంటాది. నా బండ మిందికొచ్చి చూడరాదా? ఒక్క మద్యాన్నం కూచో సామీ, నీకు కుండలో నీళ్ళు పెడతా.”

నాకు చుర్రుమంది. చిటపటకాయల నాటి నవ్వు ఇంకా నా లోపల ఎక్కడో గుచ్చుకొని ఉందేమో. “సైన్సుకు నీ బండ, నా వాకిలి అని ఉండదు,” అన్నాను. ఆ మాట ఎంత గొప్పగా అన్నానో తలుచుకుంటే ఇప్పుడు నా చెంపలు నేనే వాయించుకోవాలనిపిస్తుంది.

గడువు నాటికి చావడిలో కాగితం చదివాను. ఆరు అంగలు దాటి ఆముదం ఎగరడం అరుదు, పద్నాలుగు సేర్లు పడడం అసంభవం అన్నాను. కింద సంతకం కూడా పెట్టాను. కదిరమ్మ నా వైపు చూసింది. కోపం లేదు. పెద్దవాళ్ళ పనిలో పిల్లాడు వేలు పెట్టి పాడుచేస్తే చూస్తారే, అలా చూసింది.

పద్నాలుగు సేర్లూ గురప్ప ఇంటికి పోయాయి. అంతటితో ఆగలేదు. మరుసటి వారమే ఊళ్ళోని రైతులంతా కలిసి, ఇకమీదట చిట్లు లేవు, ఎక్కడ పడ్డా గింజ రైతుదే, కాపలాకు రోజు కూలి ఇస్తామని తీర్మానం చేశారు. దాంతో మిగతా ఆడవాళ్ళకూ ఆ నూనె పోయింది. వాళ్ళు రైతుల్ని ఏమీ అనలేక కదిరమ్మను అన్నారు. ‘చిట్లదొంగ’ అని పేరు పెట్టారు. కళ్ళానికి కాదు కదా, కోతకు కూడా ఆమెను పిలవడం మానేశారు. ఆమె రోజూ నాలుగు మైళ్ళు నడిచి పక్క ఊళ్ళకు కూలికి పోయేది.

నా కాగితం మాత్రం పైకి పోయింది. ఊరి తగాదాను శాస్త్రీయంగా తీర్చిన గ్రామసేవక్ అని బ్లాకు మీటింగులో పైఅధికారి నన్ను నిలబెట్టి మెచ్చుకున్నాడు. నలభైమంది చప్పట్లు కొట్టారు.

తర్వాత జూన్‌లో వాన పడింది. పది రోజులకు నేను విత్తనాల పొట్లాలతో ఎర్రబండపల్లికి పోతూ, సైకిలు బండ పక్కగా నడిపించుకుంటూ వస్తున్నాను. చూస్తే బండ చుట్టూ ఆముదం మొలకలు. రెండేసి దళసరి ఆకులతో, బండ పగుళ్ళలో, గుండ్ల సందుల్లో, కిత్తనార కంచె దాటి అవతలి బీడులో కూడా. ఏరేటప్పుడు కదిరమ్మ కంటికి ఆనని గింజలు అవి.

సైకిలు పడేసి కుప్ప పోసిన చోట నిలబడి అంగలు వేశాను. ఆరు అంగలకు మొలకలున్నాయి. పదికి ఉన్నాయి. పద్నాలుగుకు పలచబడ్డాయి. చివరి మొలక పద్దెనిమిదో అంగ దగ్గర ఉంది. మళ్ళీ ఇంకో వైపు వేశాను. ఇటూ అంతే. చీమలు మోసి ఉంటాయి అని నాకు నేను చెప్పుకోబోయాను. చీమలు మోస్తే పుట్ట దగ్గర గుంపుగా మొలవాలి. మనిషి చేత్తో నూకితే ఒక పక్కనే మొలవాలి. ఇవి నాలుగు దిక్కులా, పోనుపోను పలచగా మొలిచాయి. రాయి మీద పడ్డ గింజ మళ్ళీ లేచి దూకి, దొర్లి పోయింది. ఆమె చెప్పినట్టే జరిగింది. ఆ బండ మీద ఒక్క మధ్యాహ్నం కూర్చుని ఉంటే నాకూ తెలిసేది.

చావడి అక్కడికి రెండు వందల గజాలు. పోయి చెప్పాలి. కానీ పైఅధికారి మాటలు గుర్తొచ్చాయి, చప్పట్లు గుర్తొచ్చాయి. రేపు చెబుదాంలే అనుకున్నాను. వారం పోయాక చెబుదాంలే అనుకున్నాను. ఈలోగా గొర్రెలు తొక్కి, ఎండ మాడ్చి ఆ మొలకలు పోయాయి. ఆ ఏడే నాకు లేపాక్షి దిక్కుకు బదిలీ అయింది. తోక ముడుచుకొని పోయాను.

ఏడేళ్ళు గడిచాయి. ఈ ఏడేళ్ళలో నాకు పెళ్ళయింది, మీసం వచ్చింది, ప్రమోషన్ వచ్చింది. ఎక్కడ ఆముదం చెట్టు కనిపించినా ముఖం తిప్పుకునేవాణ్ణి. అనంతపురం జిల్లాలో ఆముదం చెట్టు కనిపించని చోటు ఎక్కడుంది చెప్పండి?

1966లో మళ్ళీ కరువు. దానికి ముందేడు కూడా కరువే. కరువు పనుల మీద ఉన్న కూలీల పేర్లు రాసుకోవడానికి నన్ను తనకల్లు వైపు పంపారు. ఎర్రబండపల్లి రోడ్డు పక్కన ఆడవాళ్ళు కంకర కొడుతున్నారు. వరసగా పేర్లు అడుగుతూ పోతుంటే, చివర కూర్చున్న మనిషి సుత్తి ఆపి కళ్ళకు చెయ్యి అడ్డం పెట్టుకొని చూసింది.

“దివాకర్ సామి గదా నువ్వు? లావైనావే!”

జుట్టు నెరిసింది, చేతివేళ్ళకు గుడ్డపీలికలు చుట్టుకుంది. గొంతు మాత్రం అదే. కుండలోంచి గ్లాసుడు నీళ్ళు వంచి ఇచ్చింది. ఆ ఎండాకాలంలో ఆ కుండెడు నీళ్ళ కోసం ఎంత దూరం పోవాలో నాకు తెలుసు. గ్లాసు పట్టుకొని నిలబడ్డాను.

“తాగు సామీ. పాతది మనసులో పెట్టుకున్న్యావేమో,” అంది. “నాకేం లేదులే. నాతో కూలికొచ్చే పక్కూరోళ్ళు నిన్ను తిడ్తాంటే నేనే అంటాంటి, ఆయప్ప పట్నం పిల్లోడు, తెలీక చెప్పినాడు, తెలిసింటే ఎందుకట్ల రాస్తాడు అని. ఏడేండ్లనించీ అదే చెప్తాండా.”

ఆమె తిట్టి ఉంటే బాగుండేది. దొంగ అన్న పేరు మోస్తూ కూడా నా పక్షాన వాదించిందట. ఇంక నాలో దాచుకునే ఓపిక లేకపోయింది.

“అక్కా, రాసేటప్పుడు తెలీదు. కానీ ఆ జూన్‌లోనే తెలిసింది,” అన్నాను. “బండ చుట్టూ మొలకలు చూశాను. అంగలు వేసి చూశాను.”

సుత్తి పక్కన పెట్టింది. “ఎన్ని అంగలు?”

“పద్దెనిమిది.”

పక్కన ఆడవాళ్ళ సుత్తులు కూడా ఆగాయి.

“మరి నాకెందుకు చెప్తాండావు?” అంది కదిరమ్మ. “నేను దొంగని కాదని నాకు తెలుసు. తెలియాల్సినోళ్ళు ఈడ లేరు. పోయి చావిట్లో చెప్పు.”

మర్నాడు పొద్దున్నే చావడిలో నిలబడ్డాను. గురప్ప ముసలివాడైపోయాడు, చేతికర్ర మీద గడ్డం ఆనించి కూర్చున్నాడు. ఆయన భార్య లక్ష్మక్క, ఇంకో పదిమంది ఆడవాళ్ళు వాకిలి దగ్గర నిలబడ్డారు. కదిరమ్మ వాళ్ళకు కాస్త ఎడంగా ఉంది. నేను నీళ్ళు నమలకుండా మొత్తం చెప్పాను. కొత్తరకం కాయలు, మట్టి వాకిలి, మొలకలు, పద్దెనిమిది అంగలు, నా చప్పట్లు, నా పిరికితనం, ఏదీ దాచలేదు. పాత కాగితం తప్పని ఇంకో కాగితం రాసి, సంతకం పెట్టి, గురప్ప ముందు ఉంచాను.

గురప్ప దాన్ని చూడను కూడా చూడలేదు.

“ఇదేమప్పా, కొత్తగా చెప్తాండావు?” అన్నాడు. “బండ మింద ఆముదం అంత దూరం ఎగురుతాదని ఈ ఊర్లో అందరికీ తెలుసు.”

నాకు తల కొట్టేసినట్టయింది. “తెలుసా? మరి ఆ రోజు ఎందుకు చెప్పలేదు?”

“నువ్వు రాసిస్తివి గదా. సర్కారు మనిషే రాసినాక మేమెందుకు కాదంటాము? అప్పుడు కరువు. పిడికెడు గింజ కూడా పిడికెడే.”

ఎవరూ ఆయన మాటను కాదనలేదు. అంటే ఆ రోజు నా పరీక్ష కోసం ఎవరూ ఎదురు చూడలేదు. వాళ్ళకు కావాల్సింది ఒక సంతకం. అది నేను పెట్టాను.

అప్పుడు కదిరమ్మ చావడి మెట్టెక్కింది. ఆడమనిషి ఆ మెట్టెక్కడం నేను ఆ ఊళ్ళో చూడలేదు.

“అందరికీ తెలుసంటాండావు గదా గురప్పన్నా. తెలిసింటే నోటితో అను.”

“ఏమనాల?”

“నేను దొంగని కాదని. కాగితం నాకొద్దు, నాకు చదువు రాదు. నోటితో అను, చెవులతో వింటా.”

గురప్ప కర్రను ఈ చేతిలోంచి ఆ చేతిలోకి మార్చుకున్నాడు. వాకిట్లోంచి లక్ష్మక్క ముందుకొచ్చింది. “కదిరమ్మ దొంగ కాదు,” అంది గట్టిగా. “ఆ పొద్దే నాకు తెలుసు. ఆ గింజలతో తీసిన నూనె నేనే తలకు రాసుకుంటి. నోరు మూసుకోనుంటి.” ఆ వెనకే ఇంకొకామె అంది. ఇంకొకామె. మగవాళ్ళు ఒక్కొక్కరే లేచి, అని, కండువా దులుపుకొని కూర్చున్నారు. కదిరమ్మ ఒక్కొక్కరి ముఖం వంకా చూస్తూ విన్నది. చివరికి గురప్ప మిగిలాడు.

“కాదులేమ్మా,” అన్నాడు.

“‘లే’ ఎందుకు? సరిగ్గా అను.”

కర్ర మీద బరువు మోపి లేచాడు. “కదిరమ్మ దొంగ కాదు,” అన్నాడు. అని, ఆమె ముఖం చూడలేక బయటికి పోయాడు.

కదిరమ్మ కొంగుతో ముఖం తుడుచుకుంది. ఏడ్చిందో, చెమటో నాకు తెలియదు. “సరే. పోతా. పనికి పేరు రాయించుకోవాల,” అని మెట్టు దిగింది.

నేను ఆమె వెనకే నడిచాను. మనసు తేలికైంది. ఎట్టకేలకు ఒక మంచి పని చేశాననే అనుకున్నాను. ఆమె ఆగి ఒక్క మాట అంటుందని, పోనీలే సామీ అంటుందని కూడా అనుకున్నాను. ఇంత వయసొచ్చినా బుద్ధి రాలేదని మీరు నవ్వుకుంటే నవ్వుకోండి. రోడ్డు పని దగ్గరికి వచ్చాక ఆమె ఆగింది.

“సామీ, ఒకటడుగుతా చెప్తావా? ఊర్లోవాళ్ళకు గింజలు కావాల్సొచ్చె, అబద్ధమాడిరి. కరువులో ఆశ ఉంటాది, అది నాకు అర్థమైతాది. నువ్వు గింజలు తీసుకోలేదు, నూనె తీసుకోలేదు. మొలకలు చూసినాక నువ్వు దేనికోసం గమ్మునుంటివి?”

అబద్ధం చెప్పే ధైర్యం లేక నిజమే చెప్పాను. “పరువు కోసమక్కా. నా పరువు పోతుందని.”

ఆమె కిందికి కూర్చొని, వేళ్ళకు గుడ్డపీలిక చుట్టుకొని సుత్తి అందుకుంది.

“నాకూ ఉండె గదప్పా, పరువు,” అంది.